దీపం కొండెక్కాక వచ్చిన నవ్వు

చెరకుగడలో తీపినీ మనిషి గొంతులో నవ్వునూ దాచిపెట్టిన నారాయణుడికి జయం. ఒంటరివాడి ఇంటికి పిలవకుండానే వచ్చి కూర్చునే ఆ తండ్రికి జయం. ఆయన పేరు తలుచుకున్నాకే ఏ మాటైనా మొదలుపెట్టడం నాకు అలవాటు.

నేను ఫిజీ రాజధాని సువాలో టీవీకి హాస్య ధారావాహికలు తీసేవాణ్ణి. కథ రాయించడం, నటులను వెతకడం, కెమెరా పక్కన నిలబడి అరవడం, అన్నీ నేనే. మొదటిది మా ఫిజీ హిందీలో తీశాను. బా ఊళ్లో చక్కెర మిల్లు ముందు చెరకు లారీల వరుసలో నిద్రపోయి, ఎప్పుడూ అందరికంటే వెనకబడిపోయే ఒక మామ కథ అది. మొదటి భాగం చూసి స్టేషన్ మేనేజరు పెదవి విరిచాడు.

"దీనికి ఎవరు నవ్వుతారు? వెనకాల జనం నవ్వు వినపడాలి. ఈ వారంలో ఆ టేపు తెస్తే సరే. లేకపోతే ఇక్కడితో ఆపేద్దాం."

సువాలో నా కోసం నవ్వేవాళ్లెవరున్నారు? అద్దె గదిలో నేనొక్కణ్ణే. మంగళవారం టీవీ, వీడియో డెక్కు, టేప్ రికార్డరు బస్సెక్కించి, నేను పుట్టిన బా ఊరికి బయల్దేరాను. ప్రతి మంగళవారం రాత్రి కూడే పారాయణ మండలి, చిన్నప్పుడు నేను తాళాలు వాయించింది, అక్కడే ఉంది.

మండలి వాళ్ల రేకుల హాల్లో ప్లగ్గు ఒక్కటే, దేవుడి పటాల పక్కన. టీవీ అక్కడే పెట్టాను. నా పని గట్టెక్కాలని మొక్కుకుని దీపంలో నెయ్యి అంచుదాకా నేనే పోశాను. పారాయణమూ హారతీ అవగానే, ఎవరూ లేవకముందే బొమ్మ వేశాను.

ఒక్కరూ నవ్వలేదు. టీవీలో మామ లారీలోంచి జారిపడ్డాడు. ఆడవాళ్లు కొంగులు నోటికి అడ్డం పెట్టుకున్నారు, మగవాళ్లు తలలు వంచుకున్నారు. రికార్డరు తిరిగే చప్పుడు తప్ప ఏమీ లేదు. ఇక నా బతుకు ఇంతే అనుకుని టీవీ కట్టేశాను.

"బాగాలేదా పెద్దమ్మా?" అన్నాను. అమ్మ పోయాక నన్ను సాకింది ఆవిడే. ఆ హాల్లో హిందీ కలవని తెలుగు మిగిలిందీ ఆవిడ నోట్లోనే.

"బాగుందిరా. నవ్వు ఆపుకోలేక కడుపు నొప్పి పుట్టింది. దీపం ముందు పళ్లికిలించేది ఎట్లా? డబ్బా తెచ్చి దేవుడి పక్కన పెట్టినావు!"

"సువా పోయి అంతా భులాయ్ గయిస్, మరిచే పోయిండు," అన్నాడు డోలక్ వాయించే తాత. "మామ లారీలో నిద్ర, ఈ బాబు పూజలో నిద్ర!"

"అయితే దీపం ఆర్పేసి..."

"నోరు ముయ్!" అంది పెద్దమ్మ. "దీపం ఎవరైనా ఆర్పుతారా? అదే కొండెక్కాల. ఇంత నెయ్యి ఎవడు పోసినాడు?"

"నేనే."

ఎవరో ముక్కులోంచి చిన్న శబ్దం చేసి, వెంటనే దగ్గులోకి మార్చుకున్నారు.

తెల్లారకముందే చెరకు కొట్టడానికి పోవలసినవాళ్లు. వెళ్లిపోతారనుకున్నాను. తాత వరండాలో చాప పరిచి, తాగడానికి యంగోనా వేళ్ల పొడి నీళ్లలో కలిపాడు. "బైఠో భైయా, దీపానికి ఏం జల్దీ?" అన్నాడు. వాళ్లు కొబ్బరి చిప్పలు అందుకుంటూ కూర్చున్నారు. నేను లోపల వత్తినే చూస్తూ కూర్చున్నాను. దేవుడి దీపం త్వరగా పోవాలని కోరుకోలేను, నిలవాలనీ కోరుకోలేను. ప్రార్థించడానికి మాట దొరకని పూట నా జీవితంలో అదొక్కటే.

చివరికి దీపం కొండెక్కింది. పెద్దమ్మ పటాల ముందు తెర లాగి, "ఇప్పుడు ఎయ్యి," అంది.

మామ మళ్లీ జారిపడ్డాడు. నవ్వులకు రేకులు అదిరాయి. అందరూ ఆగాక పెద్దమ్మ నవ్వు ఒక్కటే, ఆలస్యంగా, దగ్గుతో కలిసి వచ్చింది.

మేనేజరు ఆ టేపు విని సరేనన్నాడు. ఏళ్ల తరబడి ప్రతి భాగం వెనకా ఆ నవ్వే వేశాను. ఈలోగా నవ్వినవాళ్లు ఒక్కొక్కరే కదిలిపోయారు. కౌలు గడువు తీరి పొలాలు పోయినవాళ్లు కొందరు, ప్రభుత్వాన్ని కూలదోసిన తిరుగుబాటు తర్వాత భయపడి ఆక్లాండు, సిడ్నీ చేరినవాళ్లు కొందరు. పెద్దమ్మ స్వామి దగ్గరికి వెళ్లింది. హాలుకు తాళం పడింది. ధారావాహిక కూడా ఆగింది.

ఇప్పుడు మంగళవారాలు సువాలో ఒక్కణ్ణే పారాయణం చేసుకుంటాను. తెలుగులో నేను మాట్లాడేది దేవుడితోనే. ప్రమిదలో నెయ్యి కొంచెమే పోస్తాను. అది కొండెక్కాక, తెర లాగి, టేపు పెడతాను. ఏ నవ్వు ఎవరిదో నాకు తెలుసు. చివరి దగ్గు వినిపించేదాకా ఉండి కట్టేస్తాను.

ఇది చదివే మీరు, మీ ఇంట దీపం పెట్టినప్పుడు నాతో కలిసి అడగండి: నారాయణా, చెదిరిన గొంతులన్నిటినీ ఒకనాటికి నీ దగ్గర ఒక్క చాప మీద కూర్చోబెట్టు. అక్కడి దీపం ఎప్పటికీ కొండెక్కదు కదా, దాని ముందే నవ్వే చనువు మాకివ్వు.