మా ఆయన డిలీట్ చేసిన నా గుండు

మా చర్చి కృతజ్ఞతారాధనలో నేను సాక్ష్యం చెప్పాలి. నా క్యాన్సర్ నయమైన సంగతి చెబుతూ తెరమీద చూపడానికి అప్పటి గుండు ఫొటో కోసం వెతికితే, మా ఇద్దరి ఫోన్లకీ కలిపి ఉన్న ఆల్బమ్‌లో ఆ ఏడాదే లేదు.

"నేనే డిలీట్ చేశాను. పొద్దున్నే ఫోన్ 'మీ జ్ఞాపకాలు' అంటూ అవే చూపిస్తోంది. చూడలేకపోతున్నా," అన్నారు మా ఆయన.

"గుండు నాదైతే, డిలీట్ చేసేది మీరా? నన్నడగక్కర్లేదా అండీ?"

"దేవుడు బాగుచేశాడుగా. ఇంకెందుకవి?"

"సిలువ మీద చనిపోయి తిరిగి లేచాక కూడా ప్రభువు చేతులకు మేకుల గాయాలు ఉంచుకున్నాడు. అనుమానపడ్డ శిష్యుడు వాటిని చూసే నమ్మాడు. నావి మీరు చెరిపేస్తే నేనేం చూపించను?"

ఆయన గొణుక్కుంటూ ట్రాష్‌లోంచి ఒక ఫొటో వెనక్కి తెచ్చారు. అందులో నేను గుండుతో పడీపడీ నవ్వుతున్నాను. పక్కనే, ఆ రోజుల్లో వంతులవారీగా మాకు వండి తెచ్చిన అమెరికాలోని మా ఫ్రీమాంట్ తెలుగు క్రైస్తవ సంఘం సిస్టర్లు ముగ్గురు, చారు గిన్నెతో నిలబడి ఉన్నారు.

"అయ్యో, సిస్టర్స్‌ని కూడా డిలీట్ చేసేశానా!" అంటూ ఆయనా నవ్వారు. "అన్నీ రిస్టోర్ చేస్తాలే. హాస్పిటల్‌వి మాత్రం నీ ఫోన్‌లోనే ఉంచుకో."

సరేనన్నాను. ఆయన చూడలేనివి ఆయన చూడనక్కర్లేదు. దేవుడు చేసిన మేలు నేను మరచిపోకుండా ఉంటే చాలు.