ఊపిరి లెక్కపెట్టిన డాక్టరమ్మ

కుప్పంలో ఓపీ చూస్తుండగా నేను పని నేర్చుకున్న పుంగనూరు ఆసుపత్రి నుంచి పాత సిస్టరమ్మ ఫోన్ చేసింది. "అప్పా, మన పెద్ద డాక్టరమ్మ పోయింది. నిద్రలోనే" అంది. బయట వరుసలో ఉన్నవాళ్లందరినీ చూసి పంపాకే తలుపేసుకుని ఏడ్చాను. మధ్యలో లేచి ఉంటే డాక్టరమ్మ ఒప్పుకునేది కాదు.

నాకు వైద్యం నేర్పిన మనిషి ఆమె. కాలేజీ నేర్పలేదా అంటే, నేర్పింది, పరీక్షలకు. ఆమె రౌండ్స్‌కు వెంట ఒక స్టూలు తెచ్చుకునేది. "నిలబడి అడిగితే పేషెంటు సగమే సెప్తాడు" అని ప్రతి మంచం దగ్గరా కూర్చునేది. చేతిలో రిపోర్టులుండగా స్టూలెందుకని కొత్తలో నా ధీమా. ఆ ధీమా ఎలా దిగిందో మీకు చెప్పాలి.

చౌడేపల్లె వైపు ఆవులు మేపుకునే ఒకాయన పైకడుపు పట్టుకుని వచ్చాడు. గ్యాస్ అనుకుని రెండు సోడాలు తాగాడట. నొప్పి వీపులోకి పోటెత్తుతోంది, ముందుకు వంగితేనే కాస్త నయం.

"మూడిట్లో ఎన్ని కావాలప్పా?" అని అడిగింది డాక్టరమ్మ.

రెండన్నాను. ఇలాంటి నొప్పి, రక్తంలో లైపేజు అనే ఎంజైము ఉండాల్సినదానికి మూడింతలు దాటడం, స్కాన్‌లో క్లోమం వాచి కనిపించడం. ఈ మూడింటిలో రెండుంటే క్లోమం వాపే. ఆయనకు నొప్పి ఉంది, లైపేజు మూడింతలు కాదు, ఎన్నో ఇంతలుంది.

"సరే, జబ్బు పేరు తెలిసింది. సీటీ స్కాన్‌కి ఇప్పుడే ఉరకబాకు. మొదటి దినం అది అంతా సూపీదు" అని సెలైన్ ఎక్కించింది.

మరుసటి పొద్దున లైపేజు సగానికి పడింది. నా సంబరం ఏం చెప్పను! ఆయన భార్య దగ్గరికి పోయి, "సగం తగ్గిందమ్మా, గండం గడిచింది" అనేశాను. ఆమె కళ్లు తుడుచుకుని, ఇంటి దగ్గర ఆవుల పాలు పిండుతున్న చెల్లెలికి ఫోన్ చేసి అదే మాట చెప్పింది.

కాసేపటికి డాక్టరమ్మ వచ్చి స్టూలు మీద కూర్చుంది. పాల ధర గురించి ఏదో అంటూ ఆయన మణికట్టు పట్టుకుంది. చూపు మాత్రం దుప్పటి మీదే, నిమిషం పాటు. తర్వాత నన్ను వరండాలోకి పిలిచి "ముప్పై రెండు" అంది. నాడి అంత తక్కువేమిటని తెల్లమొహం వేశాను.

"నాడి కాదప్పా, ఊపిరి. నిమిషానికి ఇరవై దాటగూడదు. లెక్కబెడతాండామని తెలిస్తే మనిషి ఊపిరి మార్చేస్తాడు. అందుకే సెయ్యి పట్టుకునేది."

మూత్రం సంచి చూడమంది. తెల్లారినప్పటి నుంచీ గ్లాసెడు కూడా లేదు. రక్తంలో యూరియా నిన్నటికంటే పెరిగింది. ఆ కాగితం నా జేబులోనే ఉంది. లైపేజు అంకె చూసిన సంతోషంలో కింది వరుసలు చదవలేదు.

"లైపేజు జబ్బు పేరు సెప్తాది, అంతే. ఎంత ముదిరిందో ఊపిరిని అడగాల, మూత్రాన్ని అడగాల. రెండు దినాల్లో అవి కుదుటపడకపోతే మనిషి దక్కేది కష్టం."

ఆయన భార్యకు మీరే చెప్పండి మేడమ్ అని బతిమాలాను.

"నేను యాల? తప్పు సెప్పింది నువ్వు. దిద్దేదీ నువ్వే. నేను పక్కన కూసుంటా."

చెప్పాను. "పొద్దున నేనన్నది తప్పమ్మా. ఆయనకు జబ్బు ముదురుతోంది" అన్నాను. ఆమె నన్ను తిట్టలేదు. "బతుకుతాడా సార్?" అంది. నేను డాక్టరమ్మ వైపు చూశాను. డాక్టరమ్మే ఆమె చేయి పట్టుకుని, "తెలీదమ్మా. మదనపల్లెలో ఐసీయూ ఉండాది, ఇప్పుడే పోదాం" అంది. ఆంబులెన్సులో తనూ ఎక్కింది.

మూడో రోజు డ్యూటీ దిగి మదనపల్లె బస్సెక్కాను. దారి పొడవునా వినబోయే కబురుకు భయపడుతూనే ఉన్నాను. ఐసీయూ బయట బెంచీ మీద ఆయన భార్యా డాక్టరమ్మా ఇద్దరూ ఉన్నారు. డాక్టరమ్మ రోజూ ఓపీ ముగించి ఇక్కడికి వస్తోందని అప్పుడే తెలిసింది. ఇంతలో లోపలి డాక్టరు వచ్చి, ఊపిరి కుదుటపడి ఆక్సిజన్ తగ్గించామనీ మూత్రం బాగా వస్తోందనీ యూరియా దిగుతోందనీ చెప్పాడు.

ఆ ఇల్లాలు, చెల్లెలు పంపిన క్యారియర్ విప్పి రాగి సంగటి ముద్ద తుంచి డాక్టరమ్మకు పెట్టింది. డాక్టరమ్మ తింటూ పక్కకు జరిగి, "కూసో అప్పా" అని నాకు చోటిచ్చింది. తలెత్తడానికి మొహం చెల్లక నేల చూస్తూ కూర్చున్నాను. ఆ ఇల్లాలు నా చేయి లాగి, అరచేతిలో సంగటి ముద్ద పెట్టి, పప్పు పోసింది.