మోతి వద్దన్న పెళ్లికొడుకు

డిగ్రీ చదివే ఆ రోజుల్లో, ఎంతటి మనిషినైనా చూడగానే పసిగట్టేస్తానని నాకు గట్టి నమ్మకం. ఇంట్లో నన్ను మించిన అనుమానపు మనిషి మా అవ్వ ఒక్కతే (మాకు అమ్మ అవ్వ, నాన్న బాపు). అవ్వకు మా కుక్క మోతి మీద గురి. అది ఎవరిని చూసి గుర్రుమంటే వాళ్ల మనసులో ఏదో ఉన్నట్టే లెక్క. (మా కోళ్లను ఎత్తుకుపోయినవాణ్ణి చూసి అది తోకాడించిందని గుర్తుచేస్తే మాత్రం వినిపించనట్టు ఉండేది.)

అక్కను చూడడానికి సుల్తానాబాద్‌లోని మా ఇంటికి వచ్చిన అబ్బాయి దుబాయిలో పనిచేసేవాడు. అక్కకు నచ్చాడని చాయ్ ఇచ్చేటప్పుడు ఆమె మొహమే చెప్పింది. అతను పాపం ప్రేమగా మోతి తల నిమిరాడు. అది చటుక్కున అతని చొక్కా చెయ్యి పట్టి చింపేసింది. వాళ్లు వెళ్లగానే అవ్వ తేల్చేసింది. "మూగజీవికి తెల్వదా? గా పోరనికి దుబాయిల ఇంకో సంసారం ఉన్నది." అక్క లోపలికి పోయి తలుపేసుకుంది. బాపు ఎటూ తేల్చుకోలేక వాళ్లను వారం గడువడిగాడు.

ఆ వారమంతా నేను అపరాధ పరిశోధనలో మునిగిపోయాను. ఫోన్లో అతని ఫోటోలు పెద్దవి చేసి చూసి, ఒకదాంట్లో వెనకాల ఆరేసిన ఎర్ర తువ్వాలు ఆడవాళ్లదేనని కనిపెట్టాను. ఆ ఘనకార్యం అవ్వకు చెప్పుకుంటూ మోతి తల నిమిరితే అది నా చెయ్యి కొరికింది. అవ్వ నన్ను కింది నుంచి మీది దాకా చూసి, "నువ్వేం దాస్తున్నవే?" అంది. అప్పుడు మొదటిసారి ఆ అబ్బాయి మీద నాకు జాలి కలిగింది.

బాపు నాకు సూది వేయించి, మోతిని పశువుల దవాఖానకు తీసుకుపోయాడు. డాక్టరు దాని మూతి కట్టి చెవి మడిచి చూస్తే లోపలంతా చీము, మధ్యలో గుచ్చుకున్న గడ్డి ముల్లు. "నొప్పికి కరుస్తుంది. ఉన్నట్టుండి గుణం మారితే ముందు ఒళ్లు చూపియ్యాలె," అన్నాడు. ఇంటికొచ్చి బాపు ఈ సంగతి చెప్పగానే అక్క తలుపు తీసింది.

"ఇప్పుడన్న నన్ను అడుగుతరా?" అంది. బాపు అడిగాడు.

పెళ్లయింది. సెలవు అయిపోయి దుబాయి వెళ్లేదాకా మోతి చెవిలో చుక్కలు వేసింది మా బావే, పొట్టి చేతుల చొక్కా వేసుకొని. మోతి ఇప్పుడు లేదు. నేను ఫోన్లో చిరాకుపడితే బావ, "చెవి నొస్తుందా మరదలా?" అని అడుగుతాడు. ఆ ఎర్ర తువ్వాలు ఎవరిదో ఇప్పటికీ అడగలేదు. అడగాలనిపించినప్పుడల్లా నా చేతి మీది మచ్చ చూసుకొని నవ్వుకుంటాను.