సకినాలు చుట్టిన చెయ్యి

పక్కింటి వదిన పోయింది. పోయిన మంగళవారం పొద్దెక్కినా పాల ప్యాకెట్లు గేటుకే వేలాడుతుంటే, అందరికంటే ముందు లేచే మనిషి ఇవాళ బద్ధకించిందనుకున్నాను. కాసేపటికి వాళ్ల కోడలు వచ్చి నిద్రలోనే వెళ్లిపోయిందని చెప్పింది. బతికినన్నాళ్లూ ఎవరినీ తొందరపెట్టని మనిషి, వెళ్లేటప్పుడూ ఎవరినీ లేపలేదు.

పద్మారావు నగర్‌లోని మా వీధిలో పెళ్లి కుదిరితే పురోహితుడికన్నా ముందు వదినకే కబురు వెళ్లేది. సకినాలు చుట్టాలి కదా. తెల్ల పంచె పరిచి, బియ్యప్పిండి ముద్ద చేతిలోకి తీసుకుని, మణికట్టు తిప్పుతూ వేళ్ల సందులోంచి దారంలా, గుండ్రంగా చుట్లు చుట్లుగా వదిలేది. వరసకు వరస, అన్నీ ఒక తల్లి పిల్లల్లా ఉండేవి. పక్కన నేను చుట్టినవి చూసి నొచ్చుకునేది.

"పిండిని బెదిరియ్యొద్దు వదినె, బతిమాలాలె. అది మీ బడిపిల్ల గాదు."

ముప్పయ్యేళ్లు పాఠాలు చెప్పిన నాకు పాఠం చెప్పి బతికి బట్టకట్టింది ఆవిడొక్కతే.

ఒక సాయంత్రం వదిన కూరగాయలు కొనుక్కుని రోడ్డు దాటుతుంటే ఎదురుదారిలో వచ్చిన కారు గుద్దేసింది. కుడి మణికట్టు నుజ్జయింది. ప్లేటు వేశారు, స్క్రూలు బిగించారు. కొన్నాళ్లకు అన్నం ముద్ద నోటిదాకా వెళ్లింది గానీ, మణికట్టు మాత్రం మళ్లీ తిరగలేదు.

కొడుకు ట్రైబ్యునల్‌లో నష్టపరిహారం కేసు వేశాడు. వదినకు తోడు నేను వెళ్లేదాన్ని. ఒక వాయిదాలో బీమా కంపెనీ వకీలు మర్యాదగానే అడిగాడు, మీరేం పని చేస్తారమ్మా అని. వదిన కొంగు సర్దుకుంది.

"ఏం జెయ్య సార్. ఇంట్లనే ఉంట."

మా వకీలు తల పట్టుకున్నాడు. పని చెయ్యని మనిషికి పోయిన పనేముంటుంది? వందమందికి వండి వార్చిన ఆడది కూడా మన దగ్గర ఇదే జవాబు చెబుతుంది. సొంత గొప్ప చెప్పుకోకూడదని మనకు నేర్పిన పెద్దలెవరూ క్రాస్ ఎగ్జామినేషన్ చూసి ఉండరు.

ప్రమాణం చేసి మరీ అంత అబద్ధమేమిటని ఆటోలో కోప్పడ్డాను. నవ్వింది.

"నా పని నేను చెప్పుకుంటె బాగుంటదా? తిన్నోళ్లు చెప్పాలె."

తిన్నదాన్ని కాబట్టి తర్వాతి వాయిదాకు నేను బోనెక్కాను. ఏయే పెళ్లిళ్లకు చుట్టిందో, ఎవరెవరి పిల్లలకు నేర్పిందో, ఇప్పుడు ఆ చెయ్యి ఎలా ఉందో అన్నీ చెప్పాను. అంతా విని, ఆ పనికి ఆమెకు ఎవరైనా డబ్బులిచ్చారా అన్నాడు బీమా వకీలు.

"ఇవ్వలేదు సార్. సిగ్గులేని వీధి మాది. కడుపునిండా తిని, జాకెట్టు ముక్క చేతిలో పెట్టి పంపేవాళ్లం."

జడ్జిగారు తల వంచుకుని ఏదో రాసుకున్నారు.

తీర్పు వచ్చేసరికి వదిన జుట్టు పూర్తిగా నెరిసింది. పరిహారం మంజూరైందని కొడుకు పరుగున వచ్చి చెప్పాడు. ఎంత అని అడగలేదావిడ. ఇంగ్లీషు కాగితాలు నా ఒళ్లో పెట్టి, ఒకటే అడిగింది.

"నాది పనే అని రాసిండా వదినె?"

"రాశారు. ఇంటి పనీ పనే, ఈ చేతి పనీ పనే అన్నారు."

మణికట్టు వైపు చూసుకుంది. "మరి గది పోయిందని గూడ రాసిండు గద."

కాగితాలు మడిచి ఆమె ఎడమచేతికి అందించాను.

ఆ తర్వాత కూడా పిలిచిన ప్రతి పెళ్లింటికీ వెళ్లింది. మా వీధిలో మొదట పిండితో గౌరమ్మను చేసి పంచె మధ్యలో నిలిపితే గానీ చుట్టడం షురూ కాదు. ఆ గౌరమ్మను ఎడమచేత్తో వదినే చేసేది. "నాతోటి అయ్యేది గింతే" అని పక్కకు జరిగి కూర్చుని, మా వంకర సకినాలను ఏమీ అనకుండా చూసేది. తిడితే బాగుండుననిపించేది నాకు.

నిన్న వీధి చివరింట్లో పెళ్లికి సకినాలకని పిలిస్తే వెళ్లాను. పంచె పరిచారు. పిండి కలిపారు. అందరం చుట్టూ కూర్చున్నాం. మా చేతుల్లో పిండి ఆరిపోతోంది. గౌరమ్మను పెట్టడానికి ఎవరి చెయ్యీ ముందుకు రాలేదు. మా మధ్యలో తెల్ల పంచె అలాగే తెల్లగా ఉంది.