పంటు మీద మొక్కు

గోదావరి సముద్రంలో కలిసే మొగ దగ్గర నావ తిరగబడిందని నాకు మొదట చెప్పింది మా ఇంటికి పాలు తెచ్చే పెద్దావిడ. అందులో వలకు వెళ్లింది మాతో లేసు అల్లే అమ్మాయి, ఆమె భర్త. ఆమె ఒడ్డుకు చేరింది. ఆయన చేరలేదు.

నరసాపురంలో మా వరండాలో మధ్యాహ్నాలు ఐదారుగురం కూర్చుని లేసు అల్లేవాళ్లం. బడికి వెళ్లని నాకు మా నాన్నగారు ఇంట్లోనే చదువు చెప్పారు. అల్లిక నేర్పింది మాత్రం ఆ అమ్మాయే. నాకన్నా ఇరవై ఏళ్లు చిన్నది. నా వంకర అల్లిక చూసి, "అమ్మగారండీ, ఇది పువ్వా అండి, పీతా అండి?" అని నవ్వించేది. ఆ రుణం నాకు ఎప్పుడూ గుర్తే.

మూడు నెలల తర్వాత మళ్లీ పనికి వచ్చింది. పక్కింట్లో నీళ్ల మోటారు వేస్తే చాలు, నావ ఇంజనులాంటి ఆ చప్పుడుకి సూది చేతిలోంచి జారిపోయేది. తల మీద నీళ్లు పోసుకోలేక తడిగుడ్డతో ఒళ్లు తుడుచుకుంటోందని వాళ్ల అత్తగారు చెప్పింది. దేవుడి మీద గురి కుదరక ఇలా ఉందనుకున్నాను నేను. ఆమెను ఒక్క మాట అడగకుండా, పంటు పడవ మీద గోదావరి దాటించి దర్శనానికి తీసుకొస్తానని అంతర్వేది స్వామికి మొక్కేశాను.

"వస్తానండి. కానీ బస్సెక్కి వంతెన మీంచి చుట్టూ తిరిగి పోదామండి," అంది.

"అలా మొక్కలేదమ్మా. నీళ్లు దాటితేనే భయం పోతుంది."

"పక్కనే ఉంటారా అండి?"

"చెయ్యి వదలను."

మనుషులతో, బండ్లతో నిండిన పంటు నది మధ్యకు వచ్చేసరికి ఆమె కూలబడిపోయింది. నా మణికట్టులో గోళ్లు దిగాయి. "ఆయన జారిపోతున్నారండి, పట్టుకోండి," అంటోంది. ఆ భయానికి ఆమెకు తెలియకుండానే చీర తడిపేసుకుంది.

బుట్ట పక్కన పెట్టుకున్న ఒకావిడ, "ఏంటండీ, వలేసుకునేవాళ్ల పిల్లకి నీళ్లంటే భయమా? రేపు కొంగలు కూడా భయపడతాయి కాబోలు!" అంది. అందరూ నవ్వారు.

నేనూ నవ్వాను. ఆమె వేళ్లు విడిపించుకుని, "నలుగురిలో ఏంటమ్మా ఇది, లే," అన్నాను. ఎవరి మనిషో అన్నట్టు రెండడుగులు పక్కకు జరిగాను.

దర్శనం చేసుకోలేదు. ఆ ఒడ్డు నుంచి బస్సులోనే వెనక్కి తెచ్చాను. ఆ తర్వాత పదకొండు రోజులు ఆమె ఎవరితోనూ మాట్లాడలేదు. ఆసుపత్రికి తీసుకెళితే అక్కడి నర్సమ్మ నాకు ఓపిగ్గా చెప్పింది: "ప్రమాదం అయిపోయిందని మనకి తెలుసండి, ఆవిడ ఒంటికి తెలీదు. ఆ చప్పుడు వింటే మళ్లీ ఆ నీళ్లలోనే ఉంటుంది. పిరికితనం కాదండి, భక్తి తక్కువై కాదండి. నీళ్లలోకి నెట్టకూడదు. ఆవిడంతట ఆవిడ అడుగేసేదాకా ఆగాలి."

ఆ అమ్మాయి ఇంటికి వెళ్లి తప్పు నాదేనన్నాను. "మీరు చెయ్యి వదిలేశారండి," అంది. అంతే.

ఇప్పుడు నెలనెలా ఆసుపత్రికి తోడు వెళ్తున్నాను. బస్సులో నా పక్కన కూర్చోదు, ముందు సీట్లో కూర్చుంటుంది. వెనకాల రానిస్తోంది, అందుకే దేవుడికి దండం పెట్టుకుంటున్నాను.

నా కోసం మీరేమీ కోరుకోవద్దు. మీవాళ్ల క్షేమం కోసం మొక్కుకునేటప్పుడు ఆ అమ్మాయిని కూడా ఒక్కసారి తలుచుకోండి. ఆమె పేరున ఏ మొక్కూ మొక్కకండి. తలుచుకోండి, చాలు.