మూకీ సినిమాకి నా డైలాగులు

మొన్న శనివారం మూకీ సినిమాకెళ్ళి, హాలు మొత్తమ్మీద నేనొక్కణ్ణే మాట్లాడి, ఆఖరికి అడ్డంగా దొరికిపోయి వచ్చానండీ!

మేముంటున్న పరాయి దేశంలో, రౌస్ హిల్ అనే పేటలో ఒక చిన్న హాలు. పాత జపాను సినిమా. మా అమ్మాయి శ్రావణి టికెట్లు తీసింది. నిజానికి ఇంట్లో అప్పటికే మూకీ నడుస్తోంది లెండి! బ్యాంకు ఉద్యోగం మానేసి, సముద్రం అవతల హోబర్ట్ అనే ఊరు వెళ్ళి చెక్క పడవలు కట్టడం నేర్చుకుంటానని తను. “పడవలేంటే! ఇంటికి పెద్దదానివి, బాధ్యత ఉండక్కర్లా?” అని నేను. సోమవారంలోగా ఆ పడవల బడివాళ్ళకి తను ఏదో ఒకటి చెప్పాలి.

సినిమాలో ఒక ముసలాయన. భార్య లేదు, కూతురే చూసుకుంటుంది. ఆ పిల్లకేమో పట్నం వెళ్ళి బొమ్మలు వేయడం నేర్చుకోవాలని ఆశ. వాళ్ళ మాటలన్నీ మధ్యమధ్యలో ఇంగ్లీషులో రాసి చూపిస్తారు. మా ఆవిడ రమకి ఇంగ్లీషు చదవడం రాదు.

“ఏమంటోందండీ?” అంది.

నా టెన్త్ క్లాసు ఇంగ్లీషుకి మొదటి లైను అయ్యేలోపే అక్షరాలు మాయం! ఇక సొంతంగా అందుకున్నా.

“‘నాన్నా, మీ మాట దాటను’ అంటోంది.”

శ్రావణి నా వైపు చూసింది.

“‘నా సరదాలదేముంది, మీ సేవ చాలు’ అంటోంది.”

“మరి ఏడుస్తోందేం?”

“సంతోషమే!”

ముందు సీటాయన వెనక్కి తిరిగి “ష్!” అన్నాడు.

అంతలో ముసలాయన లేచాడు. గుమ్మం దగ్గర కూతురి చెప్పులు తీసి, తన చొక్కా అంచుతో తుడిచి, వీధివైపు తిప్పి పెట్టాడు.

“చూశావా, కోపమొచ్చి చెప్పులు బయట పడేస్తున్నాడు!”

“నో డాడ్,” అంది శ్రావణి మెల్లగా. “దట్స్ సో షి కెన్ స్టెప్ ఇంటూ దెమ్ అండ్ గో.”

కూతురు తొడుక్కుని వెళ్ళిపోవడానికి వీలుగా పెట్టాడట! తెర మీద ఆయన పెదాలు కదిలాయి. ఈసారి రాసి చూపించలేదు.

పుట్టి బుద్ధెరిగాక నాతో ఇంగ్లీషు తప్ప మాట్లాడని పిల్ల, తెలుగులో అడిగింది. “ఇప్పుడేమంటున్నాడు నాన్నా?”

తెర వంక చూశాను. పిల్ల వంక చూశాను.

“వెళ్ళి రమ్మంటున్నాడమ్మా.”

నా భుజం మీద తల పెట్టేసింది. రమ కళ్ళు తుడుచుకుంటూ, “నిజంగా అన్నాడా, లేక ఇదీ మీ కల్పనేనా?” అంది.

“పిచ్చిదానా, ఇదొక్కటే కరెక్టుగా చదివానే!” అన్నాను.

తెర మీద అక్షరమ్ముక్క లేదు.