నల్లబెల్లం కేసు పిలిచిన రోజు

ఒక మనిషి తన మాట చెప్పుకోడానికి వస్తే, చెప్పుకోనివ్వకుండా చేసేను. ఏళ్ళ తరబడి ఆ బరువు మోస్తన్నాను. ఇంట్లో మా ఆవిడకి చెప్పలేదు, కొడుక్కీ చెప్పలేదు. మీరెవరో నాకు తెలీదు. అందుకే మీకు చెప్పగలుగుతన్నాను.

చోడవరంలో ఒక సర్కారు ఆఫీసులో గుమస్తాగా చేసి రిటైరయ్యేను. పట్టుకున్న సరుకు మీద విచారణ జరిగే రోజున గుమ్మంలో నిలబడి పేర్లు పిలవడం నా పని. సరుకు ఎవరిదైతే వాళ్ళు లోపలికొచ్చి తమ మాట చెప్పుకోవాలి. అది విన్నాకే విచారణ చేసే సారు నిర్ణయం రాయాలి. ఆ రూలు నాకు కంఠతా వచ్చు.

అప్పలనాయుడిది రావికమతం దగ్గర పల్లె. చిన్నప్పుడు నాతో చదువుకున్నాడు. ఆ ఏడు వానలకి చెరకు నీట మునిగి బెల్లం నల్లగా దిగింది. పశువుల దాణాకని వ్యాన్లో వేసుకెళ్తంటే, నాటుసారా కాసేవాళ్ళకి తోలుతన్నాడని బెల్లంతో పాటు వ్యానూ పట్టుకున్నారు. వ్యాను అతని సొంతం. ఇల్లు గడిచేది దానిమీదే.

విచారణ రోజున అందరికన్నా ముందొచ్చేడు. ఉతికిన తెల్లచొక్కా. తువ్వాల్లో బెల్లంముక్క మూటకట్టి తెచ్చేడు, చెరకు మునిగితే రంగెందుకు మారుతుందో సారుకి చూపించి చెప్దామని. నన్ను చూడగానే మొహం వెలిగిపోయింది.

"ఒరే బెల్లందొంగా! నువ్విక్కడేటిరా?"

చిన్నప్పుడు వాళ్ళ బెల్లం వండే పాకలో ముక్క దొంగిలించి దొరికిపోయేను. అప్పటి పేరది. ప్రేమగానే అన్నాడు. హాల్లో అందరూ నవ్వేరు. కొత్తగా చేరిన కంప్యూటర్ అమ్మాయి కూడా నవ్వింది. నేనూ నవ్వేను.

అంతే. నేను చేసినదానికి ఇంకో కారణం లేదు. ఉంటే బాగుణ్ణని, ఏ పాత పగో ఉండే ఉంటుందని, నాలో నేను ఎంత వెతుక్కున్నానో!

"సారు మధ్యాహ్నం గాని పిలవరు. పోయి టిఫిన్ చేసిరా, నేనున్నాను కదా," అన్నాను.

నమ్మేడు. సందు తిరిగేదాకా చూసేను. గుమ్మంలోకొచ్చి అతని పేరు పిలిచేను. మూడుసార్లూ గట్టిగానే పిలిచేను, ఖాళీ వరండాకేసి. లోపలికెళ్ళి రాలేదన్నాను. సారు తలెత్తకుండా రాసేసేరు. సరుకూ వ్యానూ జప్తు.

అతను తిరిగొస్తా నాకోసం ఇడ్లీ పొట్లం తెచ్చేడు.

సంగతి తెలిసి సారు గదిలోకి పరిగెత్తేడు. "బాబూ, పొద్దుట్నించీ నేనిక్కడే ఉన్నానండి. ఈడు సూసేడు. ఒరే, సెప్పరా సారుకి!"

సారు నాకేసి చూసేరు. అప్పటికైనా దిద్దుకోవచ్చు. ఒక్క మాట చాలు, మహా అయితే నాకు చీవాట్లు పడేవి.

"నేను చూళ్ళేదండి. ఈయనెవరో కూడా తెలీదు."

హాల్లో ఇందాక నవ్వినవాళ్ళంతా ఫైళ్ళలోకి తలలు దించేసుకున్నారు. అతను మూట విప్పబోతంటే బంట్రోతు చేత బయటికి పంపించేను. పైకి అప్పీలు చేసుకోవచ్చని చెప్పాల్సిందీ నేనే. చెప్పలేదు.

బెల్లాన్ని ఆఫీసు వెనక గొయ్యి తీసి, నీళ్ళు పోసి కప్పెట్టేరు. దగ్గరుండి చేయించింది నేను. అతను గోడ అవతల నిలబడి చూసేడు. అప్పుడు నాకేమనిపించింది? బాగుందనిపించింది. ఈ వాక్యం రాయడానికే ఇన్నేళ్ళు పట్టింది.

వ్యాను వేలంలో పోయింది. ఊళ్ళో అతన్ని సారానాయుడన్నారు. పొలం కౌలుకిచ్చేసి అనకాపల్లి మార్కెట్లో కళాసీగా చేరేడు. ఒకసారి అక్కడే ఎదురయ్యేడు, నెత్తిన ఎవరిదో బెల్లం బుట్ట. గుర్తుపట్టేడు. తిడతాడనుకున్నాను. తిడితే బాగుణ్ణు.

"కాస్త పక్కకి జరగండి, బాబూ," అన్నాడు.

నన్ను 'ఒరే' అనకూడదనే కదా అంతా చేసేను. అనడం మానేసేడు.

పోయినేడు చనిపోయేడని తెలిసింది. వెళ్ళలేదు. వాళ్ళావిడ ఆ పల్లెలోనే ఉంది. వెళ్ళి చెప్పాలా? చెప్తే తేలికయ్యేది ఆవిడకా, నాకా? క్షమించమని అడగను, అడిగే మొహం లేదు. కానీ ఆ వేళ సారు ముందు అనాల్సిన మాట ఇప్పుడు నోటంట వస్తంది. వస్తంటే కొంచెం ఊపిరాడుతంది.

అప్పలనాయుడు వచ్చేడండి. నేను చూసేను.